నీలం సిరా చెరిపిన కుర్రాడు

(మా ఊరి గ్రంథాలయంలో ఒక రిటైర్డ్ కెమిస్ట్రీ లెక్చరర్ చేసిన ప్రసంగం. ఆ సాయంత్రం రాలేకపోయినవాళ్ళ కోసం రికార్డింగ్ విని రాసింది.)

అందరికీ నమస్కారం. మొదలుపెట్టేముందు ఒక చిన్న పని ఉంది. ఈ టెస్ట్‌ట్యూబ్‌లో పది మిల్లీలీటర్ల పాలున్నాయి. పొద్దున్న పిండినవి. కాచకుండా, ఫ్రిజ్‌లో పెట్టకుండా, కావాలనే బయట ఉంచాను. ఇప్పుడు ఇందులో ఒక మిల్లీలీటరు మిథిలీన్ బ్లూ ద్రావణం పోస్తున్నాను. చూశారుగా, లేత నీలంగా అయింది. బిరడా పెట్టి ఈ గోరువెచ్చని నీళ్ళ గిన్నెలో నిలబెడుతున్నాను. ముందు వరసలో ఉన్న అమ్మాయి, నీకే చెబుతున్నానమ్మా, దీన్ని నువ్వు కనిపెట్టుకుని ఉండాలి. ముట్టుకోవద్దు, కదిలించొద్దు. రంగు మారితే నాకు చెప్పు. మనం మన మాటల్లో పడదాం.

ఈరోజు రెండో ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్‌లో రహస్యంగా పోరాడినవాళ్ళ గురించి మాట్లాడమన్నారు. ఫ్రాన్స్ అనగానే మీలో చాలామందికి నూర్ ఇనాయత్ ఖాన్ గుర్తొచ్చి ఉంటుంది. టిప్పు సుల్తాన్ వంశంలో పుట్టిన అమ్మాయి, పారిస్‌లో రహస్య రేడియో నడిపింది, 1944 సెప్టెంబరులో దాఖౌ శిబిరంలో కాల్చి చంపారు. ఆమె గురించి ఇంకో సాయంత్రం తప్పకుండా మాట్లాడుకుందాం. ఈరోజు నేను చెప్పేది తుపాకీ పట్టనివాడి గురించి, రేడియో నడపనివాడి గురించి. ఆయన పేరు అడాల్ఫో కామిన్‌స్కీ. ఆయన చేసిన పనేమిటంటే, దొంగ కాగితాలు. అవును, మనం దొంగ సర్టిఫికెట్లు అంటామే, అవే.

1925 అక్టోబరు 1న అర్జెంటీనాలో, బ్వేనస్ ఐరిస్‌లో పుట్టాడు. తల్లిదండ్రులు రష్యా నుంచి వచ్చిన యూదులు. తండ్రి దర్జీ. ఈ ఊళ్ళు, దేశాలు గుర్తుపెట్టుకోండి, తర్వాత అవసరం పడుతుంది. రష్యా నుంచి ఫ్రాన్స్, ఫ్రాన్స్ పొమ్మంటే అర్జెంటీనా, మళ్ళీ 1932లో ఫ్రాన్స్. పిల్లవాడికి అప్పటికి ఏడేళ్ళు. ఇన్ని సరిహద్దులు దాటిన ఇంట్లో పెరిగిన పిల్లవాడికి కాగితం అంటే ఏమిటో ఎవరూ చెప్పక్కర్లేదు. అన్నం ఎంతో కాగితం అంత.

1938లో కుటుంబం నార్మండీలోని వీర్ అనే చిన్న పట్టణానికి మారింది. అక్కడ వాళ్ళ మేనమామ ఉండేవాడు. మనవాడు పదమూడేళ్ళకే బడి మానేసి పనికి వెళ్ళాడు. మొదట విమానాల పరికరాలు చేసే ఫ్యాక్టరీ. 1940లో జర్మన్లు వచ్చారు, ఫ్యాక్టరీలో యూదులు ఉండకూడదన్నారు, ఉద్యోగం పోయింది. అప్పుడు చేరాడు ఒక రంగుల అద్దకం దుకాణంలో. మన భాషలో చెప్పాలంటే రంగరేజు దగ్గర శిష్యరికం.

యుద్ధకాలం, బట్టలకి కరువు. మొదటి ప్రపంచ యుద్ధం నాటి సైనికుల పాత కోట్లు తెచ్చి, వాటి రంగు మార్చి, మామూలు జనం తొడుక్కునేలా చేయడం ఆ దుకాణంలో పని. కుర్రాడికి అదొక పిచ్చి పట్టుకుంది. రంగు ఎలా పడుతుంది, ఎలా పోతుంది, ఏ గుడ్డ మీద ఏ మరక ఎందుకు మొండికేస్తుంది? దుకాణంలో ఉన్న కెమిస్టును ప్రశ్నలతో వేధించేవాడు. ఇంట్లో సొంతంగా ప్రయోగాలు చేసేవాడు. నేను ముప్ఫై ఏళ్ళు కెమిస్ట్రీ చెప్పాను. అలాంటి పిల్లలు ఏడాదికి ఒకరు దొరికినా అదృష్టమే. ల్యాబ్‌లో బెల్లు కొట్టినా వెళ్ళని పిల్లలు. ఒక్క మాట, వీడికి బడి లేదు, ల్యాబ్ లేదు, పరీక్షల్లేవు. రంగు తొట్టె ఒక్కటే ఉంది.

అదే ఊళ్ళో ఒక పాల కేంద్రం. సెలవు రోజుల్లో అక్కడి కెమిస్టు దగ్గరికి కూడా వెళ్ళేవాడు. అక్కడ చూశాడు, మీగడలో మిథిలీన్ బ్లూ వేసి, నీలం ఎంతసేపటికి పోతుందో గడియారం పెట్టి లెక్కపెట్టడం. మన దగ్గర పాల డెయిరీలలో కూడా ఈ పరీక్ష ఉంది. ఇక్కడ డెయిరీలో పనిచేసినవాళ్ళు ఎవరైనా ఉన్నారా? ఆ, మీరున్నారా అన్నా, మంచిది. నేను తప్పు చెబితే దిద్దండి. ఐదు గంటలు దాటినా నీలం నిలబడితే అవి చాలా మంచి పాలు. అరగంటలోనే తెల్లబడితే ఆ పాలు పనికిరావు. పాలలో సూక్ష్మజీవులు పెరిగేకొద్దీ రంగు పోతుంది, పాలు పులుస్తాయి. ఆ పులుపు పేరు లాక్టిక్ ఆమ్లం. పెరుగులో ఉండేదే. రోజూ మనం తినేదే.

కుర్రాడు ఆ నీలం పోవడాన్ని కళ్ళారా చూశాడు. మనసులో పెట్టుకున్నాడు. అంతే, ఇంకేం చేయలేదు. ఏదో ఒకరోజు పనికొస్తుందని కూడా అనుకోలేదు.

ఇక 1941. తల్లి పారిస్ వెళ్ళి తిరిగొస్తూ రైలు నుంచి పడి చనిపోయింది. ప్రమాదం అన్నారు. కుటుంబం నమ్మలేదు, నాజీలే చంపారని ఆయన చివరిదాకా నమ్మాడు. పదిహేనేళ్ళ పిల్లవాడు. ఆ ఊళ్ళో మందుల షాపు నడిపే ఆయన లోలోపల ప్రతిఘటన ఉద్యమంలో ఉన్నవాడు. కుర్రాడి రసాయనాల పిచ్చి ఆయనకి ముందే తెలుసు. రైలు పట్టాల సామాన్లు తుప్పు పట్టించేవి, తీగలు తినేసేవి, అలాంటి మిశ్రమాలు చేయడం నేర్పాడు. అలా మొదలైంది.

1943 శరదృతువులో కుటుంబం మొత్తాన్ని పట్టుకున్నారు. తీసుకెళ్ళి ద్రాన్సీలో పెట్టారు. ద్రాన్సీ అంటే పారిస్ శివార్లలో కట్టడం పూర్తికాని ఒక అపార్ట్‌మెంట్ సముదాయం. దాన్ని జైలు చేశారు. ఫ్రాన్స్ నుంచి సుమారు 76,000 మంది యూదులను తూర్పున ఉన్న శిబిరాలకు పంపారు. వాళ్ళలో ఎక్కువమంది ద్రాన్సీ మీదుగానే వెళ్ళారు. 11,000 మందికి పైగా పిల్లలు. తిరిగొచ్చినవాళ్ళు చాలా కొద్దిమంది. ఈ పట్టుకోవడం అంతా జర్మన్లే చేశారని అనుకుంటున్నారా? 1942 జులైలో పారిస్‌లో రెండు రోజుల్లో దాదాపు 13,000 మందిని ఇళ్ళకెళ్ళి పట్టుకుంది ఫ్రెంచి పోలీసులు. చేతిలో జాబితాలు పట్టుకుని వెళ్ళారు. ఆ జాబితాలు ఎక్కడివి? యూదులంతా వచ్చి పేర్లు రాయించుకోండి అని 1940లోనే ఆర్డరు వేశారు. చట్టం అంటే గౌరవం ఉన్నవాళ్ళు వరసలో నిలబడి రాయించుకున్నారు. గుర్తింపు కార్డు మీద 'యూదు' అని ఎర్ర సిరాతో ముద్ర వేయించుకున్నారు. ఒక్కసారి ఆలోచించండి. ఆ వరసలో నిలబడినవాళ్ళు మీలాంటివాళ్ళు, నాలాంటివాళ్ళు. ఆఫీసులో రమ్మంటే టైముకి వెళ్ళేవాళ్ళు.

కామిన్‌స్కీ కుటుంబం ద్రాన్సీ నుంచి బయటపడింది. ఎలా? వాళ్ళకి అర్జెంటీనా పౌరసత్వం ఉంది. కుర్రాడి అన్న అర్జెంటీనా కాన్సులేట్‌కి ఉత్తరం రాశాడు. ఆ దేశం అప్పటికి జర్మనీతో సంబంధాలు తెంచుకోలేదు. కాన్సులేట్ గట్టిగా అడిగింది, విడిచిపెట్టారు. తర్వాత 1944 జనవరి 26న అర్జెంటీనా జర్మనీతో తెగతెంపులు చేసుకుంది. ఆ ఉత్తరం ఆలస్యమై ఉంటే? నేను మొదట గుర్తుపెట్టుకోమన్నది ఇందుకే. పక్క గదిలో పడుకున్నవాడికి, తనకి తేడా ఏమిటి? ఒక కాగితం. ఫ్రాన్స్ పొమ్మంటే దిక్కులేక వెళ్ళిన దేశం ఇచ్చిన కాగితం. తాను బయటికొస్తుంటే లోపల మిగిలినవాళ్ళ ముఖాలు ఆయన మరిచిపోలేదు. మిగతా జీవితమంతా ఆ ముఖాల బాకీ తీర్చుకోవడమే అని నా నమ్మకం.

బయటికొచ్చినా ప్రాణం గ్యారంటీ లేదు. దాక్కోవాలి. తండ్రి దొంగ కార్డుల కోసం అడాల్ఫోని ఒక రహస్య బృందం మనిషి దగ్గరికి పంపాడు. ఆ మనిషి మారుపేరు 'పెంగ్విన్'. యూదు స్కౌట్ల బృందం అది, స్కౌట్లు జంతువుల పేర్లు పెట్టుకుంటారు కదా, అలా. కార్డు మీద వృత్తి ఏం రాయమంటావు అన్నాడు పెంగ్విన్. రంగులద్దేవాణ్ణి అన్నాడు కుర్రాడు. ఆయన చెవులు నిక్కబొడుచుకున్నాయి. అయితే సిరా మరకలు తీయగలవా? తీస్తాను, అదే నా పని. చెరగని సిరా అయితే? చెరగని సిరా అంటూ లేదు.

ఈ మాట దగ్గర కొంచెం ఆగుదాం. వాళ్ళ బాధేమిటంటే వాటర్‌మన్ కంపెనీ నీలం సిరా. సర్కారు గుమాస్తాలు కార్డుల మీద పేర్లు ఆ సిరాతో రాసేవాళ్ళు. ఏం పూసినా పోవడం లేదు. పోతే కాగితం పోతోంది. పేరు మారకపోతే కార్డు ఎందుకూ పనికిరాదు. కుర్రాడు అడిగాడు, ఆ సిరాలో రంగు ఏమిటి? మిథిలీన్ బ్లూ. మీకు అర్థమైందా? వీర్ ఊళ్ళో పాల కేంద్రం, మీగడ గిన్నె, గడియారం. లాక్టిక్ ఆమ్లం ప్రయత్నించండి అన్నాడు. ప్రయత్నించారు. పోయింది.

పద్దెనిమిదేళ్ళు. చదువు పదమూడేళ్ళ దగ్గర ఆగిపోయింది. పెరుగులో పులుపుతో ఒక ప్రభుత్వం సిరాని చెరిపాడు. మా కాలేజీలో ఏటా లాక్టిక్ ఆమ్లం పాఠం చెప్పేవాణ్ణి. రెండు మార్కుల ప్రశ్న. ఫార్ములా రాస్తే మార్కులు పడేవి. కామిన్‌స్కీ గురించి రిటైరయ్యాక తెలిసింది. ముందే తెలిసుంటే ఆ పాఠం ఇంకోలా చెప్పేవాణ్ణి కదా అని ఇప్పటికీ బాధగా ఉంటుంది.

పారిస్‌లో సెయిన్ నదికి దగ్గర్లో సాంపేర్ వీధి, 17వ నంబరు ఇల్లు. పై అంతస్తులో ఇరుకు గది. చిత్రకారుల గది అని ఇరుగుపొరుగుకి చెప్పారు. కుంచెలు, కాన్వాసులు కనపడేట్టు పెట్టారు. రసాయనాల వాసన వస్తే రంగుల వాసన అనుకునేవాళ్ళు. లోపల ఇరవైల్లో ఉన్న ఆడపిల్లలు, మగపిల్లలు. మొదట్లో పని చెరపడం వరకే. ఎర్ర ముద్ర తీయడం, పేరు మార్చడం. అడాల్ఫో వచ్చాక తెల్లకాగితం నుంచి మొదలుపెట్టి కార్డే తయారుచేశారు. కాగితం మందం, ముద్ర, సంతకం, అన్నీ. ఫొటో పద్ధతిలో ముద్రలు చెక్కడం సొంతంగా నేర్చుకున్నాడు. డబ్బుల్లేవు, యంత్రాల్లేవు. సైకిల్ చక్రం తీసుకుని గిర్రున తిప్పే సెంట్రిఫ్యూజ్ చేసుకున్నాడు. కొత్త కార్డు కొత్తగా కనిపిస్తే ప్రాణం పోయినట్టే. అందుకే దాన్ని నలపాలి, మాపాలి, నాలుగేళ్ళు జేబులో తిరిగినట్టు చేయాలి.

ఇక్కడ నా సంగతి ఒకటి చెబుతాను. నా దగ్గర చదివిన ఒక కుర్రాడికి సర్టిఫికెట్‌లో పుట్టినతేదీ ఒక అంకె తప్పు పడింది. ఒక ఆఫీసు చుట్టూ పద్నాలుగు నెలలు తిప్పారు. ఈలోగా స్కాలర్‌షిప్ పోయింది. చదువు ఒక ఏడాది ఆగింది. ఆ ఒక్క అంకె దిద్దించడానికి వాడితో పాటు నేనూ బస్సులెక్కి తిరిగాను. దీన్నీ దాన్నీ ఒకే తక్కెడలో పెట్టడం లేదు, పెట్టకూడదు. ఆ బల్ల ముందు నిలబడినప్పుడు మాత్రం, అవతలి మనిషి నా ముఖం కాకుండా కాగితం చూస్తున్నప్పుడు, కడుపులో ఏదో తిప్పింది. ఆ తిప్పడాన్ని వెయ్యి రెట్లు చేసుకుంటే పారిస్ మెట్రోలో ఒక యూదు తల్లికి ఎలా ఉండేదో కొంచెం అందుతుందేమో.

మెట్రో అంటే గుర్తొచ్చింది. 1944లో ఒకరోజు అడాల్ఫో సంచిలో ఖాళీ కార్డులు, సిరా, ముద్రలు పెట్టుకుని వెళ్తున్నాడు. తనిఖీ. పారిస్‌లో దొంగ కార్డులు ఎవడో చేస్తున్నాడని పోలీసులకి తెలుసు, వాడి కోసమే వెతుకుతున్నారు. సంచిలో ఏముంది? తినడానికి తెచ్చుకున్నాను, చూస్తారా? అమాయకపు ముఖం, సన్నటి కుర్రాడు. పొమ్మన్నారు. వాళ్ళు వెతికేది ఏ ఆరితేరిన ముసలి కంసాలి లాంటివాడి కోసమో. వీడికి అప్పటికి సరిగ్గా మీసాలు కూడా రాలేదు.

ఇప్పుడు చెప్పేది జాగ్రత్తగా వినండి. ఒకరోజు పెంగ్విన్ వచ్చాడు. పారిస్ చుట్టుపక్కల పది పిల్లల ఆశ్రమాల మీద దాడులు జరగబోతున్నాయి. మూడు రోజులే ఉంది. 300 మంది పిల్లలు. ఒక్కొక్కరికి రేషన్ కార్డు, జనన పత్రం, బాప్తిస్మ పత్రం, అన్నీ కలిపి 900కి పైగా కాగితాలు. మూడు రోజుల్లో. సాధ్యమా? లెక్క ప్రకారం సాధ్యం కాదు.

ఆయన ఇంకో లెక్క వేసుకున్నాడు. గంటకి ముప్ఫై కాగితాలు చేయగలను. గంట నిద్రపోతే ముప్ఫై మంది చచ్చిపోతారు. ఇదీ లెక్క. మూడో తరగతి పిల్లాడు కూడా చేయగల లెక్క. ఆ లెక్కని పట్టుకుని కూర్చున్నాడు. కళ్ళు మసకబారాయి, చేతులు మొద్దుబారాయి, చివరికి స్పృహ తప్పి పడిపోయాడు. లేచి మళ్ళీ కూర్చున్నాడు. గడువులోపు కాగితాలు అందాయి.

మనం లెక్కలు ఎన్నో చేస్తాం. వడ్డీ లెక్కలు, మార్కుల లెక్కలు. నిద్ర గంటలను పిల్లల తలలతో భాగించే లెక్క... క్షమించండి. ఇది ఎన్నిసార్లు చెప్పినా ఇక్కడికొచ్చేసరికి నాకు గొంతు పట్టేస్తుంది. మా మనవరాలికి ఆరేళ్ళు. ఆ పిల్లల వయసే. కొత్త పేరు నేర్పాలి కదా ఆ పిల్లలకి. ఎవరైనా అడిగితే పాత పేరు చెప్పకూడదు. ఆరేళ్ళ పిల్లకి నీ పేరు నీది కాదు అని ఎలా చెబుతాం?

1944 ఆగస్టులో పారిస్ విముక్తి అయ్యేదాకా ఆ గది నిద్రపోలేదు. ఆ గది కాగితాలతో బతికినవాళ్ళు 14,000 మంది వరకూ ఉంటారని అంచనా. ఒక కన్ను చూపు ఆ పనికే బలైంది. పైసా తీసుకోలేదు. యుద్ధంలోనే కాదు, తర్వాత కూడా ఏనాడూ. డబ్బు తీసుకుంటే ఎవరు అడిగినా చేయాల్సి వస్తుంది. తీసుకోకపోతే కాదనే హక్కు ఉంటుంది. ఫొటోలు తీసి పొట్ట పోసుకున్నాడు.

తర్వాతి జీవితం త్వరగా చెప్పేస్తాను. విముక్తి తర్వాత ఫ్రెంచి సైన్యం ఆయన్ని పిలిచి, జర్మనీలోకి పంపే గూఢచారులకు కాగితాలు చేయించుకుంది. పతకం ఇచ్చింది. అదే సైన్యం ఇండోచైనాలో వలస యుద్ధానికి దిగుతుంటే ఆ పనికి నేను రాను అని మానేశాడు. శిబిరాల నుంచి బతికొచ్చి ఎక్కడా చోటు దొరకనివాళ్ళు పాలస్తీనా వెళ్ళడానికి కాగితాలు చేశాడు. తర్వాత అల్జీరియా. ఫ్రాన్స్ నుంచి స్వాతంత్ర్యం కోసం పోరాడుతున్నవాళ్ళకి అండగా నిలిచాడు. అంటే తాను విడిపించడానికి కష్టపడిన దేశానికే ఎదురు నిలిచాడు. నాకు ఇది అర్థమవుతుంది, తలవంచి నమస్కారం పెడతాను. ఒక్కటి మాత్రం మింగుడుపడదు. ఆ రోజుల్లో ఫ్రాన్స్ ఆర్థిక వ్యవస్థని దెబ్బకొట్టడానికి వంద ఫ్రాంకుల దొంగ నోట్లు అచ్చువేశాడు. ఘనపు మీటరు నిండా. దొంగ నోటు చివరికి ఎవరి చేతిలో పడుతుంది? కూరగాయలమ్ముకునే అవ్వ చేతిలో. ఇంతలో 1962 మార్చిలో కాల్పుల విరమణ వచ్చింది. ఆయన ఏం చేశాడో తెలుసా? ఆ నోట్లన్నీ కాల్చేశాడు. ఒక్కటి మిగల్చలేదు. ఎప్పుడూ చేతిలో డబ్బాడని మనిషి, తన చేత్తో చేసిన డబ్బుని తానే పొయ్యిలో వేశాడు. ఇది చదివాక నాకు మనసు కుదుటపడింది.

స్పెయిన్, పోర్చుగల్, దక్షిణాఫ్రికా, లాటిన్ అమెరికా, ఎక్కడ నియంతలుంటే అక్కడినుంచి పారిపోయేవాళ్ళకి 1971 దాకా చేస్తూనే ఉన్నాడు. అప్పుడు ఆపేశాడు. అల్జీరియా వెళ్ళి ఫొటోగ్రఫీ పాఠాలు చెప్పుకున్నాడు, అక్కడే పెళ్ళి చేసుకున్నాడు, 1982లో ఫ్రాన్స్ తిరిగొచ్చాడు. పిల్లలకి కూడా చాలాకాలం ఏమీ చెప్పలేదు. పెద్దయ్యాక ఆయన కథని రాసింది కూతురే. ఆమె చెప్పిన ముచ్చట ఒకటి నాకు చాలా ఇష్టం. చిన్నప్పుడు బడిలో మార్కులు తక్కువొచ్చాయట. ఇంట్లో చూపించలేక అమ్మ సంతకం తనే పెట్టేసింది. దొరికిపోయింది. అమ్మ కేకలేసింది. నాన్న ఏమంటాడో అని వణుకుతూ కూర్చుంది. ఆయన ఆ కాగితం చూసి పగలబడి నవ్వాడట. ఇంకొంచెం శ్రద్ధగా చేయాల్సింది తల్లీ, సంతకం మరీ చిన్నదిగా ఉంది కదా అన్నాడట. ఆ నవ్వు వెనక ఏముందో ఆ పిల్లకి అప్పుడు తెలియదు.

ఆయన తీసిన ఫొటోలు వేల సంఖ్యలో ఉన్నాయి. యుద్ధం ముగిశాక పారిస్ వీధులు, పాత సామాన్లమ్మేవాళ్ళు, ఒంటరిగా నిలబడ్డ మనుషులు. 2019లో పారిస్‌లోని యూదు కళా చరిత్ర మ్యూజియంలో వాటిని ప్రదర్శించారు. అప్పటికి ఆయనకి తొంభై నాలుగేళ్ళు దగ్గరపడ్డాయి. అన్నేళ్ళూ ఆ ఫొటోల్ని ఎందుకు బయట పెట్టలేదు? దొంగ కాగితాలు చేసేవాడు పేరు తెచ్చుకోకూడదు. పేరొస్తే ముఖం తెలుస్తుంది. ముఖం తెలిస్తే తన మీద ఆధారపడ్డవాళ్ళకి ముప్పు. అందుకని ఫొటోగ్రాఫర్‌గా రావలసిన పేరునే వదులుకున్నాడు. 2023 జనవరి 9న పారిస్‌లో, తన తొంభై ఏడో ఏట కన్నుమూశాడు.

ఏమ్మా, చెయ్యెత్తావు? రంగు పోయిందా? ఏదీ, నేను వస్తున్నానుండు. ఆ, పోయింది. తెల్లగా, మామూలు పాలలాగే ఉంది. పైన సన్నటి నీలం గీత ఉంది చూశారా? అక్కడ గాలి తగులుతోంది, అందుకని. ఊపకండి. ఊపితే గాలి కలిసి నీలం తిరిగొస్తుంది. వెనక ఉన్నవాళ్ళకి కనపడేట్టు మెల్లగా ఒకరి చేతినుంచి ఒకరికి అందివ్వండి, నిటారుగా పట్టుకోండి. అందరూ చూశాక ప్రశ్నలు అడుగుదురుగాని.